‘డౌట్’ అన్నాను, ఆవిడ నొచ్చుకున్నారు

గొడవంతా ఒక్క వాక్యంతో వచ్చింది. ‘ఐ హావ్ ఎ డౌట్ అబౌట్ యువర్ సెకండ్ సెక్షన్.’ మీ రెండో సెక్షన్ గురించి నాకో సందేహం ఉంది అని చెప్పడమే నా ఉద్దేశం. ఒక సాఫ్ట్‌వేర్ వాడేవాళ్ళ కోసం గైడ్ రాసే టీమ్‌లో అప్పుడే కొత్తగా చేరాను. మా ఎడిటర్‌కి ఇంగ్లీషే మాతృభాష. వయసులో నాకంటే బాగా పెద్దావిడ. ఆవిడ పంపిన డ్రాఫ్ట్‌లో ఒక బొమ్మ కింద ఉన్న నంబరు ఎక్కడిదో తెలియక, అడుగుదామని ఆ మెయిల్ పెట్టాను.

సాయంత్రానికి జవాబు వచ్చింది, మూడు పెద్ద పేరాలు. రెండో సెక్షన్‌లో ఏ వాక్యం ఎందుకలా రాశారో, దేనితో సరిచూసుకున్నారో, ఎవరిని అడిగి ఖాయం చేసుకున్నారో అంతా వివరంగా ఉంది. ఇంకా ఏ భాగం మీద నమ్మకం కుదరలేదో చెబితే దాన్నీ వివరిస్తానని చివర్న ఒక మాట. నేను అడుగుదామనుకున్నది బొమ్మ కింది నంబరు. దాని సంగతి మాత్రం ఎక్కడా లేదు.

ఆ మెయిల్ మూడుసార్లు చదివాను. మర్యాదగానే ఉంది, కానీ ఎక్కడో చల్లగా తగులుతోంది. టీమ్‌లో నాకంటే ముందు నుంచీ ఉన్న ఒకతనికి చూపిస్తే నవ్వాడు. “నువ్వు ఆవిడ రాసింది నమ్మనన్నావు, తెలుసా?” అన్నాడు. నేనెక్కడన్నాను? డౌట్ ఉందన్నాను, అంతే కదా!

అక్కడే ఉంది తిరకాసు. చిన్నప్పటి నుంచీ ప్రతి క్లాసు చివరా టీచర్లు ‘ఎనీ డౌట్స్?’ అని అడుగుతుంటే విని పెరిగాను. డౌట్ అంటే అడగాల్సిన ప్రశ్న అని నా బుర్రలో స్థిరపడిపోయింది. అసలు మనకది ఇంగ్లీషు మాటే కాదు, ‘నాకో డౌటు’ అంటూ ఎప్పుడో తెలుగులో కలిసిపోయింది. కానీ ఆవిడ ఇంగ్లీషులో డౌట్ అంటే, ఇది నిజం కాదేమో, ఇది సరి కాదేమో అన్న అపనమ్మకం. తెలియనిది తెలుసుకోవడానికి అడిగేది క్వశ్చన్.

విచిత్రం ఏమిటంటే ఈ తేడా తెలుగులో లేకపోలేదు. సందేహం వేరు, అనుమానం వేరు. సందేహం పట్టుకుని ఎవరి దగ్గరికైనా వెళ్ళొచ్చు, గురువు దగ్గరికైనా సరే. ‘నాకు అనుమానంగా ఉంది’ అంటే ఎదుటివాళ్ళ ముఖం మారుతుంది. డౌట్ నా నోట్లోంచి సందేహంగా బయలుదేరి ఆవిడ చెవిలో అనుమానంగా పడింది. మర్నాడు ‘క్వశ్చన్’ అని మార్చి మళ్ళీ రాశాను. రెండు నిమిషాల్లో నంబరు సంగతి తేలిపోయింది. స్పానిష్ మాట్లాడేవాళ్ళు కూడా సరిగ్గా ఇదే పొరపాటు చేస్తారని తర్వాతెప్పుడో తెలిసింది. వాళ్ళ భాషలో ‘దూదా’ అన్న మాట సందేహానికీ ప్రశ్నకీ రెంటికీ పనికొస్తుందట. ఒక్కణ్ణే కానందుకు కొంచెం ఊరట.

ఇలాంటివి ఇంకెన్ని రాసి పారేశానో అని టెన్షన్ పట్టుకుంది. పాత మెయిళ్ళన్నీ తిరగేశాను. ఏది తప్పో తెలియనివాడు తప్పులు వెతకడం ఎంత హాయో అప్పుడు అర్థమైంది. అన్నీ బాగానే కనిపించాయి.

ఇక లాభం లేదని పదాల జంటల జాబితాలు బయటికి తీశాను. ఎప్పుడో పోటీ పరీక్షలకని బట్టీ పట్టినవే. హిస్టారిక్ అంటే చరిత్రలో నిలిచిపోయేది, హిస్టారికల్ అంటే చరిత్రకు సంబంధించినది. కంటిన్యువస్ అంటే ఎడతెగనిది, కంటిన్యువల్ అంటే ఆగి ఆగి మళ్ళీ మళ్ళీ వచ్చేది. అనిన్‌ట్రెస్టెడ్ అంటే ఆసక్తి లేనివాడు, డిసిన్‌ట్రెస్టెడ్ అంటే తనకు లాభనష్టాలు లేని తటస్థుడు. రోజుకు పది జంటల చొప్పున నెల రోజులు చదివాను. ఆ నెలలో ఎడిటర్ గారు నా డ్రాఫ్టుల్లో దిద్దిన మాటల్లో ఒక్కటంటే ఒక్కటి కూడా ఆ జాబితాల్లో లేదు.

ఎందుకు లేదో తెలియడానికి కొంత కాలం పట్టింది. ఆ జాబితాల్లో ఉండేవన్నీ చూడటానికి ఒకేలా ఉండే మాటలు. వాటితో తడబడేది ముఖ్యంగా ఇంగ్లీషువాళ్ళే. డిసిన్‌ట్రెస్టెడ్ అనే మాటను ఆసక్తి లేదనే అర్థంలో వాడేవాళ్ళు ఇప్పటికీ కోకొల్లలు. 17వ శతాబ్దంలోనూ దానికి ఆ అర్థం ఉండేది. అంటే వాళ్ళ ఇంటి తగవు పట్టుకుని నేను బట్టీయం వేస్తున్నాను. నా తగవు వేరే చోట ఉంది.

తర్వాత దగ్గరి అర్థాలున్న మాటల్ని ఒకచోట పేర్చే పుస్తకం, థెసారస్ మీద పడ్డాను. దాంతో ఇంకో రకం నష్టం జరిగింది. ఒక మాట వెతికితే పక్కనే ఇరవై మాటలు. అన్నీ ఒకటే అనుకుని, రాసిన మాటే మళ్ళీ రాయకుండా వరసగా మార్చి మార్చి వాడటం మొదలుపెట్టాను. ఆ పుస్తకం ఎలా పుట్టిందో తెలిసి ఉంటే ఆ పని చేసేవాణ్ణి కాదు. పీటర్ మార్క్ రోజెట్ వృత్తిరీత్యా వైద్యుడు. 1852లో, 73 ఏళ్ళ వయసులో, ఇంగ్లీషు మాటల్ని భావాల వారీగా వెయ్యి శీర్షికల కింద సర్ది అచ్చు వేయించాడు. అందులో మాటలకు అర్థాలు ఉండవు. మాట ముందే తెలిసి, సమయానికి నాలుక మీదికి రాక తన్నుకునేవాడికి గుర్తు చేయడమే దాని పని. తెలియనివాడి చేతికి అది దొరికితే ఏమవుతుందో నా డ్రాఫ్టులు చూస్తే తెలిసేది. ఒక చోట సన్నటి గీతను ‘స్కిన్నీ లైన్’ అని రాశాను. థిన్, స్లిమ్, స్లెండర్, స్కిన్నీ అన్నీ ఒకే చోట ఉన్నాయి మరి. సన్నటి గీతను బక్కచిక్కిన గీత అన్నట్టయింది.

దారి దొరికింది ఎడిటర్ గారి దిద్దుళ్ళలోనే. మూడు నెలల డ్రాఫ్టులు ముందేసుకుని, ఆవిడ కొట్టేసిన మాట, దాని బదులు రాసిన మాట, రెండూ ఒక నోట్‌బుక్‌లోకి ఎక్కించాను. మొదట ఇంగ్లీషు అక్షరక్రమంలో రాశాను. ఏమీ తేలలేదు. ఒక ఆదివారం ఊరికే కూర్చుని ప్రతి దిద్దుబాటు పక్కనా, అది రాసేటప్పుడు నా మనసులో ఉన్న తెలుగు మాట రాస్తూ పోయాను. సగం అయ్యేసరికే గుట్టు బయటపడింది. డెబ్భై చిల్లర దిద్దుబాట్లు పట్టుమని పదిహేను తెలుగు మాటల కింద కుప్పలు పడ్డాయి. చూడటం, వినడం, చెప్పడం, తప్పు, నీడ, ఆశించడం, ఎదురుచూడటం... తెలుగులో ఒక్క మాటతో గడిచిపోయి, ఇంగ్లీషులో రెండో మూడో మాటలు కావలసి వచ్చే ప్రతి చోటా నేను బోర్లా పడ్డాను.

నోట్‌బుక్ పారేసి కొత్తది తెచ్చుకున్నాను. ఈసారి పేజీ పైన తెలుగు మాట, కింద దాని ఇంగ్లీషు పిల్లలు.

‘చూడటం’ పేజీ తొందరగానే నిండింది. లుక్, సీ, వాచ్. కళ్ళు అటు తిప్పడం లుక్. ఆ వస్తువు కంటికి ఆనడం సీ. కదిలేదాన్నో మారేదాన్నో కాసేపు కనిపెట్టుకుని ఉండటం వాచ్. ‘సీ ది స్క్రీన్ ఫర్ టూ మినిట్స్’ అని గైడ్‌లో రాశాను. ఆవిడ ‘వాచ్’ అని దిద్దారు. ఎందుకంటే ఆ రెండు నిమిషాల్లో తెర మీద ఏదో మారబోతోంది, దాన్ని గమనిస్తూ ఉండాలి. ఇది రాసుకుంటుంటేనే మన కనబడటం గుర్తొచ్చింది. ‘చూశాను గానీ కనబడలేదు’ అంటాం కదా. లుక్, సీ మధ్య ఉన్న తేడా అచ్చం అదే. లిజన్, హియర్ మధ్య తేడా కూడా వినడం, వినబడటం లాంటిదే. ఇరవయ్యేళ్ళుగా నోట్లో ఉన్న తేడాను ఇంగ్లీషు దగ్గరికి వచ్చేసరికి ఎందుకు మరిచిపోయానో తెలియదు. ‘చూశాను’ అన్న మాట రెండు చోట్లా సర్దుకుపోతుంది కాబట్టి కాబోలు.

‘నీడ’ పేజీలో ఉన్నది రెండు మాటలే, కానీ నాకిష్టమైన పేజీ అది. ఎండ తగలని చోటు షేడ్, వెలుతురుకు అడ్డం వచ్చినదాని ఆకారం షాడో. షేడ్‌లో కూర్చోవచ్చు, షాడో మన వెంట నడుస్తుంది. చెట్టు నీడన కూర్చున్నాం అంటే మొదటిది, గోడ మీద నా నీడ పడింది అంటే రెండోది. గైడ్‌లో ఒక బటన్ కింద కనిపించే మసక అంచును ‘షేడ్’ అన్నాను. ఆవిడ షాడో అని దిద్దారు. రంగులో ముదురు, లేత తేడాలకు మాత్రం షేడే. అర్థాల్లో తేడాకు కూడా షేడే అంటారు. మనం అర్థచ్ఛాయ అంటాం. ఛాయ అన్నా నీడే. అటూ ఇటూ మాటల మధ్య తేడా చెప్పడానికి నీడనే పట్టుకున్నారు.

‘తప్పు’ పేజీ గురించి ఎక్కువ చెప్పను. మిస్టేక్ చేసేది, ఫాల్ట్ మోసేది. ‘తప్పు చేశాను’ అన్నది మిస్టేక్, ‘తప్పు నాదే’ అన్నది ఫాల్ట్. కొలతకో నియమానికో సరిపోనిది ఎర్రర్. ‘దేర్ ఆర్ సమ్ ఫాల్ట్స్ ఇన్ యువర్ పేజ్’ అని ఒకసారి రాశాను. పేజీని పాడైన మోటారులా చేశానన్నమాట. ‘చెప్పడం’ కూడా అంతే. టెల్‌కి వినే మనిషి కావాలి, సేకి అక్కర్లేదు. నిజం, అబద్ధం మాత్రం మనిషి లేకుండానే టెల్ చేస్తారు. ఇదెందుకని అడగకండి.

అసలు కష్టపెట్టింది ‘ఎదురుచూడటం’. డౌట్ గొడవ సద్దుమణిగిన నెలకే ఇంకో మెయిల్ రాశాను. ‘ఐ యామ్ ఎక్స్‌పెక్టింగ్ యువర్ కామెంట్స్ బై ఫ్రైడే.’ మీ అభిప్రాయం కోసం శుక్రవారం దాకా ఎదురుచూస్తుంటాను అని ఎంతో వినయంగా చెప్పాననుకున్నాను. ఈసారి ఆవిడ ఫోనే చేశారు. “నాకు గడువు పెట్టేది నువ్వా?” అన్నారు. నవ్వుతూనే అన్నారు, కానీ అన్నారు.

ఎక్స్‌పెక్ట్‌లో రెండు విషయాలున్నాయి. ఇది జరుగుతుందని నా లెక్క అన్నది ఒకటి. జరగడం నీ బాధ్యత అన్నది రెండోది. పై అధికారి కిందివాళ్ళతో అంటే ఆజ్ఞ, కిందివాళ్ళు పైవాళ్ళతో అంటే పొగరు. హోప్‌లో ఆ బరువు ఉండదు. జరగాలని కోరిక ఉంది, జరుగుతుందో లేదో ఎదుటివాళ్ళ చేతిలో ఉంది. అందుకే అది మర్యాద. మరి విష్? కోరికకు విష్ అని ఉంది కదా అని దాన్ని పట్టుకుంటే ఇంకా పెద్ద గోతిలో పడతాం. ‘ఐ విష్ యూ వుడ్ రిప్లై’ అంటే జవాబివ్వవేం బాబూ అని విసుక్కోవడం. విష్ తర్వాత అలా వచ్చేవన్నీ ఇప్పుడు లేనివో, అయ్యేలా కనిపించనివో. ఇక ‘లుకింగ్ ఫార్వర్డ్’ అంటే జరగబోయేదాని కోసం సంతోషంగా ఎదురుచూడటం. ఉత్తరాల చివర పెట్టేది దాన్నే. నా నిఘంటువులో ఆశించు అన్న మాట ఎదుట హోప్, ఎక్స్‌పెక్ట్ రెండూ పక్కపక్కనే బుద్ధిమంతుల్లా కూర్చుని ఉన్నాయి. వాటి మధ్య ఉన్న మెట్టు అచ్చులో కనిపించదు.

నిఘంటువు మార్చాల్సింది నేనే అని అప్పుడు తట్టింది. మాటకు మాట ఇచ్చే రెండు భాషల నిఘంటువు మూసేసి, నేర్చుకునేవాళ్ళ కోసం రాసినవి తెరిచాను. వాటి చరిత్ర కూడా నాలాంటివాళ్ళ అవస్థలోంచే వచ్చింది. ఎ. ఎస్. హార్న్‌బీ జపాన్‌లో ఇంగ్లీషు పాఠాలు చెప్పేవాడు. విద్యార్థులకు మాట అర్థం తెలిసినా దాన్ని వాక్యంలో ఎలా పెట్టాలో తెలియట్లేదని ఇంకో ఇద్దరితో కలిసి ఒక నిఘంటువు తయారుచేశాడు. 1942లో టోక్యోలో వచ్చింది. 1948లో దాన్నే ఆక్స్‌ఫర్డ్ మళ్ళీ వేసింది. ఇప్పుడు మనం లెర్నర్స్ డిక్షనరీ అనేదానికి మూలం అదే. నాకు అంతకన్నా ఉపయోగపడింది బర్మింగ్‌హామ్ విశ్వవిద్యాలయంలో జాన్ సింక్లెయిర్ అనే భాషాశాస్త్రవేత్త నడిపిన కోబిల్డ్ నిఘంటువు. 1987లో వచ్చింది. అందులో అర్థం కూడా పూర్తి వాక్యంగానే ఉంటుంది. ఎవరు, దేన్ని, ఎలాంటప్పుడు అన్నది ఆ వాక్యంలోనే తెలిసిపోతుంది. డౌట్ దగ్గర తెరిచి చూశాను. నిజం కాదేమో అనుకోవడమని మొదట్లోనే ఉంది. ఈ పేజీ ముందే చూసి ఉంటే ఆవిడ మూడు పేరాలు తప్పేవి.

సింక్లెయిర్ బృందం అర్థాలను తలలోంచి రాయలేదు. అచ్చయిన, మాట్లాడిన ఇంగ్లీషును లక్షల వాక్యాలుగా కంప్యూటర్‌లో పోగుచేసి, అందులో మాట ఎలా తిరుగుతోందో చూసి రాశారు. అలాంటి పోగును కార్పస్ అంటారు. బ్రిటిష్ నేషనల్ కార్పస్‌లో 10 కోట్ల మాటలున్నాయి, అందులో పదో వంతు జనం నోటి మాటలు. దాన్ని ఇంటర్‌నెట్‌లో ఎవరైనా వెతకవచ్చు. మాటను అది చేసే సావాసాన్ని బట్టి పోల్చుకోవాలని జె. ఆర్. ఫర్త్ అనే భాషాశాస్త్రవేత్త 1957లోనే అన్నాడు. కార్పస్ అంటే ఆ సావాసాన్ని కళ్ళెదుట పెట్టడమే. మాట మధ్యలో నిలువుగా వరసలో ఉంటుంది, అటూ ఇటూ దాని చుట్టాలు.

నేను మొదట వెతికింది కాజ్, అంటే కారణం కావడం. ఒక శిక్షణ ముగిశాక కృతజ్ఞత చెబుతూ ‘యువర్ ట్రైనింగ్ కాజ్డ్ ఎ బిగ్ ఇంప్రూవ్‌మెంట్’ అని రాస్తే, ఎడిటర్ గారు కాజ్డ్ కొట్టేసి ‘లెడ్ టు’ అని పెట్టారు. వ్యాకరణం తప్పా అని అడిగాను. కాదన్నారు. అర్థం తప్పా? అదీ కాదన్నారు. మరెందుకు? “ఏమో, చెవికి బాగోలేదు” అన్నారు. నాకు ఒళ్ళు మండింది. చెవికి బాగోలేదంటే నేనేం నేర్చుకోవాలి?

కార్పస్‌లో కాజ్ అని కొట్టి వరసలు కిందికి జరుపుతూ పోయాను. నష్టం, ప్రమాదం, నొప్పి, ఆందోళన, ఆలస్యం, మరణం, అసౌకర్యం, మళ్ళీ నష్టం. తెర మీద తెర నిండా అన్నీ చెడ్డవే. అక్కడక్కడా ఒకటీ అరా మంచి మాట కనిపించింది, జాతరలో తప్పిపోయిన పిల్లాడిలా. ఈ సంగతిని భాషాశాస్త్రవేత్తలు 1990లలోనే గమనించి రాశారట. అర్థంలో చెడు ఏమీ లేకపోయినా, ఎప్పుడూ చెడ్డవాటితో తిరిగి తిరిగి ఆ మాటకు ఆ వాసన అంటుకుంది. ఆవిడ చెవికి తగిలింది ఆ వాసనే. పేరు పెట్టలేకపోయారు, అంతే.

తెలుగులో మనకు ఈ పట్టింపు లేదా? ‘అంతా నీ మూలానే’ అని ఎవరైనా అంటే మనం మెచ్చుకున్నారని అనుకోం. ‘అంతా మీ చలవ’ అంటే దండం పెట్టినట్టు. ‘నీ పుణ్యమా అని’ అంటే మాత్రం గొంతు చూసి తేల్చుకోవాలి. మూడింట్లోనూ కారణం అనే అర్థమే ఉంది. నేను ఆ శిక్షణ ఇచ్చినాయనకు ‘అంతా మీ మూలానే’ అని ఉత్తరం రాసేశానన్నమాట.

దీని తర్వాత చాలా మాటలు తిండి నిద్ర మాని వెతికాను. ఒక దశలో అది జబ్బులా తయారైంది. రెండు లైన్ల మెయిల్‌కి అరగంట. హెల్ప్ అనాలా, అసిస్ట్ అనాలా? బిగిన్ అనాలా, కమెన్స్ అనాలా? అనుమానం వచ్చిన ప్రతిసారీ పెద్ద మాటే పెట్టేవాణ్ణి, పెద్దది ఉంటే మర్యాదగా ఉంటుందని. కొన్నాళ్ళకి ఎడిటర్ గారే విడిగా మెసేజ్ పెట్టారు. “ఏమైనా ఇబ్బందా? ఈ మధ్య నువ్వు లాయరు నోటీసులా రాస్తున్నావు” అని.

ఇందులో కొంత తప్పు ఇంగ్లీషు చరిత్రది. 1066లో నార్మన్లు ఇంగ్లండును గెలిచాక పాలకుల భాష ఫ్రెంచి అయింది, జనం భాష ఇంగ్లీషుగానే మిగిలింది. కోర్టుల్లో వాదనలు ఇంగ్లీషులో జరగాలని చట్టం వచ్చింది 1362లో. పైన పండితుల లాటిన్ ఒకటి ఎలాగూ ఉంది. అలా ఒకే పనికి రెండేసి మూడేసి మాటలు పోగుపడ్డాయి. ఆస్క్ పాతది, క్వశ్చన్ ఫ్రెంచి నుంచి వచ్చింది, ఇంటరాగేట్ లాటిన్‌ది. ముగ్గురూ చేసేది అడగడమే. కానీ మొదటిది పక్కింటి పలకరింపు, రెండోది నిలదీయడం, మూడోది పోలీసు గది. డిమాండ్ కూడా ఫ్రెంచి నుంచి వచ్చిందే. ఫ్రెంచిలో దాని మూలమైన మాటకు ఊరికే అడగడం అని అర్థం, ఇంగ్లీషులోకి వచ్చాక గుడ్లెర్రజేసింది.

మనకిది కొత్తా? తెలుగు మాట, దాని మీద సంస్కృతం మాట. నీళ్ళు ఉన్నాయి, జలం ఉంది. ఇల్లు ఉంది, గృహం ఉంది. మొదలుపెట్టడం ఉంది, ప్రారంభించడం ఉంది, ఉపక్రమించడమూ ఉంది. ‘జలం సేవిస్తావా’ అని అడిగేవాణ్ణి చూసి నాటకాల మనిషి అనుకుంటాం. నేను నెలల తరబడి ఆవిడకు జలమే పోశాను. కమెన్స్ కొట్టేసి స్టార్ట్ రాశాక నా మెయిళ్ళలో మనిషి మళ్ళీ కనబడ్డాడట. ఆవిడే అన్నారు.

ఎంత వెతికినా తేలనివి ఉన్నాయి. క్వైట్ గుడ్ అంటే అమెరికా మనిషి చాలా బాగుందంటాడు, ఇంగ్లండ్ మనిషి ఫరవాలేదంటాడు. నా డ్రాఫ్ట్ మీద ఎవరైనా ‘క్వైట్ గుడ్’ అని రాస్తే ఇప్పటికీ ముందు రాసినవాళ్ళది ఏ దేశమో చూస్తాను.

కథ ఇక్కడితో అయిపోయేదే. కానీ కిందటేడు ఎడిటర్ గారింటికి తెలుగు కోడలు వచ్చింది. ఆవిడ తెలుగు నేర్చుకోవడం మొదలుపెట్టారు. ఎర్ర పెన్ను నా చేతికి వచ్చింది.

ఏదో యాప్‌లో బ్రేక్ అంటే పగలడం అని నేర్చుకున్నారట. వరసగా వాక్యాలు పంపారు. గ్లాసు పగిలింది. కర్ర పగిలింది. దారం పగిలింది. మొదటిది తప్ప మిగతావి కొట్టేశాను. కర్ర విరుగుతుందండీ, దారం తెగుతుంది అన్నాను. ఎందుకని అడిగారు. నేను నోరు తెరిచి మూసుకున్నాను. ఏనాడూ ఎవరూ నాకిది నేర్పలేదు, నేనూ ఆలోచించలేదు. కాసేపటికి ఒక సూత్రం అల్లాను. గట్టిగా పెళుసుగా ఉండి ముక్కలయ్యేవి పగులుతాయి, పొడుగ్గా బిరుసుగా ఉండేవి విరుగుతాయి, లాగితే రెండయ్యే మెత్తటివి తెగుతాయి. గాజు, కుండ, అద్దం ఒక వైపు. కొమ్మ, ఎముక ఇంకో వైపు. తాడు, తీగ మరో వైపు. బాగానే ఉందనుకున్నాను. మర్నాడు కోడలిని అడిగి వచ్చి, “మరి పాలు విరుగుతాయట, అవి పొడుగ్గా బిరుసుగా ఉంటాయా?” అన్నారు. చేసేది లేక కార్పస్‌లో వెతకమన్నాను.

పోయిన నెల ఒక రోజు పొద్దున్నే ఆవిడ దగ్గర్నుంచి మెసేజ్, తెలుగులో. “నా కాలు పగిలింది. రెండు వారాలు సెలవు.” కాళ్ళు పగిలినందుకు రెండు వారాలు సెలవేమిటా అనుకున్నాను. అయినా పెద్దావిడ, ఎంత బాధగా ఉందో అని, “రాత్రి పడుకునే ముందు గోరువెచ్చటి నీళ్ళతో కడుక్కుని ఏదైనా క్రీము రాయండి, వారంలో తగ్గిపోతుంది” అని జవాబు పెట్టాను.

పది నిమిషాలు ఏమీ రాలేదు. తర్వాత ఫొటో వచ్చింది. మోకాలి దాకా కట్టు. మెట్ల మీద జారిపడ్డారట. ఫొటో కింద ఇంగ్లీషులో ఒక్క వాక్యం. నీ క్రీము మీద నాకు డౌట్ ఉంది అని.

సిగ్గుపడుతూ క్షమాపణ చెప్పి, కాలు విరిగింది అనాలని, కాళ్ళు పగిలాయి అంటే మడమల దగ్గర చర్మం చీలడమని రాశాను. ఆవిడకి మంచం మీద పని లేదు. ప్రశ్నలు వరసగా వస్తూనే ఉన్నాయి. మాటను బ్రేక్ చేస్తే? తప్పడం. రూల్‌ని బ్రేక్ చేస్తే? మీరడం. సంబంధం? అది తెగిపోతుంది, దారంలాగే.

“మరి హార్ట్ బ్రేక్ అయితే?”

గుండె అయితే పగులుతుంది, మనసు అయితే విరుగుతుంది అని రాశాను.

“రెండూ హార్టే కదా. తేడా ఏమిటి?”

‘ఏమో, చెవికి అలా...’ అని టైప్ చేశాను. చెరిపేశాను. నోట్‌బుక్ తీసి కొత్త పేజీ పైన గుండె, మనసు అని రాసుకుని కూర్చున్నాను.